పేరు – ప్రమాణము



పాత దస్తావేజు చూపి, "ఇందలి లక్ష్మయ్య కుమారుడు రామయ్య మా తాతయే" యని యొకడు భూమి నడిగినచో మన గ్రామపెద్దలు వెంటనే యొప్పుకొనరు. ఇంటిపేరేమి, సరిహద్దులేవి, సాక్షులెవరని యడుగుదురు. ఈ న్యాయమే మతచరిత్రకును వర్తించును.

1980లో యెరూషలేము నగరపు దక్షిణభాగమున, తల్పియోతు అను చోట ఇండ్లు కట్టుటకై నేల త్రవ్వుచుండగా, రాతిలో తొలిచిన ప్రాచీన సమాధిగృహ మొకటి బయల్పడెను. రెండువేల యేండ్ల క్రిందట ఆ ప్రాంతపు యూదులు శవమును గుహలో నుంచి, సుమారొక యేడాదికి పిమ్మట ఎముకలను రాతిపెట్టెలలో చేర్చుచుండిరి. అట్టి పెట్టెలు పది యచట దొరకెను. ఆఱింటిపై పేర్లు చెక్కబడియుండెను. ఒకదానిపై "యోసేపు కుమారుడు యేసు" అనియు, మఱియొకదానిపై "మరియ" యనియు పండితులు చదివిరి.

2007లో సింఖా యాకొబోవిచ్ అను దర్శకుడు, జేమ్స్ కామెరాన్ తోడ్పాటుతో, ఇది క్రైస్తవుల యేసు కుటుంబసమాధియే కావచ్చునని యొక డాక్యుమెంటరీ చిత్రమును దీసెను. యేసు సశరీరముగా పునరుత్థానుడయ్యెనని క్రైస్తవులు విశ్వసింతురు గాన, ఇది వారికి సామాన్యవిషయము గాదు.

మన తర్కశాస్త్రము పొగను జూచి నిప్పు నూహించుటను అనుమానప్రమాణ మనును. నిప్పు లేనిచోట పొగ యుండదు గనుకనే యది చెల్లును. సాధ్యము లేనిచోటను కానవచ్చు హేతువు సవ్యభిచారము. అది దేనిని సాధింపజాలదు. ఆ కాలపు యూదులలో యేసు, యోసేపు, మరియ యను పేర్లు మిక్కిలి వాడుక. "యోసేపు కుమారుడు యేసు" అను వ్రాతగల వేఱొక పెట్టెను సుకెనిక్ పండితుడు 1931లోనే ప్రకటించియుండెను.

"ఒక్క పేరు గాదు, పేర్లన్నియు నొకచోట గూడుటయే మా హేతువు" అని చిత్రపక్షము వాదించెను. ఈ వాదము త్రోసివేయదగినది గాదు. అందుకు 600కు 1 అను గణితమును గూడ చూపిరి. కాని యా లెక్క, వేఱొక పెట్టెపై నున్న స్త్రీపేరు మగ్దలేనే మరియదే యని ముందే యంగీకరించినగాని నిలువదు. ఆ స్త్రీ యెముకలకును యేసు పేరిటి యెముకలకును తల్లివైపు బంధము లేదని పరీక్షలో తేలగా, వారు దంపతులు కావచ్చుననిరి. వదినయో, కోడలో, సవతిసోదరియో యేల కారాదు?

ఇంతమాత్రమున విశ్వాసము రుజువైనదనియు గాదు. చిత్రము చెప్పినది రుజువు కాలేదనియే తాత్పర్యము. చలనచిత్రమున నటులు పూర్వకథ నభినయించుటచే ఊహ ప్రత్యక్షమువలె తోచును. కావున చిత్రము చూచునపుడు, కంటికి గనబడినదేది, ఊహింపబడినదేది యని వేఱుపఱచి యడుగుట వివేకము. ఆ ప్రశ్న భక్తునికిని, నాస్తికునికిని సమానముగా విధి.