తెగిన చోటి నుంచే తెచ్చుకుందాం



సరిహద్దు జిల్లాల్లో తెలుగు పాఠం చెప్పేవారికీ, చదివేవారికీ పుస్తకం సంపాదించడమే ఒక పెద్ద పని. బళ్లారిలోనైనా, హోసూరులోనైనా, రాయగడలోనైనా కావలసిన పాత తెలుగు పుస్తకం అంగడిలో దొరుకుతుందన్న నమ్మకం లేదు. డిజిటల్ లైబ్రరీ ఆఫ్ ఇండియా స్కాన్ చేయించిన తెలుగు పుస్తకాలు ఎన్నో ఇప్పుడు ఇంటర్నెట్ ఆర్కైవ్‌లో ఉన్నాయి కాబట్టి కొంత నయం. అయితే ఆ పుటలన్నీ బొమ్మలే కనుక ఫైలు పెద్దదవుతుంది. సగానికి పైగా దిగాక కరెంటు పోతుంది, లేదా ఆనాటి డేటా అయిపోతుంది. మళ్లీ మొదటి నుంచి దించుకుంటే కాలమూ దండగ, డబ్బూ దండగ. మిగిలిన ముక్క మాత్రమే తెచ్చుకొనే ఉపాయం ఒకటి ఉంది. ఈనాటి ప్రసంగం దాని గురించే.

గుడిలో భారతం చెప్పే పౌరాణికుడు రోజూ ఆదిపర్వం నుంచి మొదలుపెట్టడు కదా! "నిన్న ఎక్కడ ఆపామండీ?" అని అడిగి, అక్కడి నుంచే అందుకుంటాడు. వెబ్ సర్వర్ కూడా అలా అందుకోగలదు. కాకపోతే ఎక్కడ ఆగిందో అది అడగదు, మనమే చెప్పాలి.

మన కంప్యూటరూ సర్వరూ మాట్లాడుకొనే పద్ధతికి హెచ్.టి.టి.పి. అని పేరు. 1997 జనవరిలో వెలువడిన దాని 1.1 రూపంలో ఈ సదుపాయాన్ని చేర్చారు. 2022లో తిరగరాసిన ప్రమాణంలోనూ ఇది ఉంది. ఫైలు కావాలని అడిగేటప్పుడు, ఆ కోరికతో పాటు 'రేంజ్' అనే ఒక వరుస పంపితే చాలు.

కాగితం, కలం దగ్గర ఉంచుకోండి. ఫైలులో బైట్లను సున్నా నుంచి లెక్కపెడతారు. 0 నుంచి 499 వరకు అంటే 500 బైట్లన్నమాట. ఇప్పుడు 5 కోట్ల బైట్ల పుస్తకంలో 3 కోట్ల 20 లక్షల బైట్లు దిగాయనుకోండి. దిగిన చివరి బైటు సంఖ్య 31999999. ఇక కావలసింది 32000000. అంటే చేతిలో ఎన్ని బైట్లున్నాయో ఆ సంఖ్యే మనం అడగవలసిన మొదటి సంఖ్య. కూడిక లేదు, తీసివేత లేదు. రేంజ్, కోలన్, బైట్స్, సమానం గుర్తు, 32000000, ఒక అడ్డగీత: వరుస ఇంతే. గీత తర్వాత ఏమీ రాయకపోతే చివరిదాకా అని అర్థం.

సర్వర్ జవాబులో ముందుగా ఒక సంఖ్య వస్తుంది. 206 వస్తే, అడిగిన ముక్క మాత్రమే పంపుతున్నానని అర్థం. 200 వస్తే, మీ కోరికను పట్టించుకోకుండా ఫైలంతా మొదటి నుంచి పంపుతున్నదని అర్థం. 416 వస్తే, మీరడిగిన చోటు ఫైలు చివరను దాటిపోయిందని అర్థం. బహుశా ఫైలు ముందే పూర్తిగా దిగి ఉంటుంది, పరిమాణం సరిచూసుకోండి.

ఈ సంఖ్యను చూడకపోతే ఏమవుతుందో నాకు అనుభవమే. మొదటిసారి రాసిన స్క్రిప్టులో వచ్చినదాన్నల్లా పాత ఫైలు చివర అతికించేశాను. ఆ సర్వర్ పంపింది 200. పిల్లల కోసం దించిన వ్యాకరణ పుస్తకం ఉండవలసిన దానికన్నా పెద్దదై కూర్చుంది. తెరిస్తే తెరుచుకోలేదు. డేటా పోయింది, మరునాటి పాఠమూ పోయింది.

కనుక స్క్రిప్టు ఏ భాషలో రాసినా వరుస ఇలా ఉండాలి. ముందు చేతిలో ఉన్న ఫైలు పరిమాణం కొలవాలి. ఆ సంఖ్యతో రేంజ్ పంపాలి. 206 వస్తే, 'కంటెంట్ రేంజ్' అనే వరుసలో మొదటి సంఖ్య మనమడిగినదేనా అని చూసి, పాత ఫైలు చివర చేర్చాలి. 200 వస్తే పాతదాన్ని పక్కనపెట్టి కొత్తగా రాయాలి.

మరొక చిక్కు ఉంది. నిన్నటికీ ఈరోజుకీ మధ్య సర్వర్లో ఫైలే మారిపోతే? పాత సగం, కొత్త సగం అతకవు. ఇందుకోసం సర్వర్ చాలాసార్లు 'ఈట్యాగ్' అనే గుర్తు పంపుతుంది. మొదటిసారే దాన్ని రాసి ఉంచుకొని, రెండోసారి 'ఇఫ్ రేంజ్' అనే వరుసలో తిరిగి పంపాలి. ఫైలు మారకపోతే ముక్క వస్తుంది, మారితే మొత్తం వస్తుంది. డబ్ల్యూ అక్షరం, ఏటవాలు గీతతో మొదలయ్యే ఈట్యాగ్ మాత్రం ఈ పనికి చెల్లదు.

స్క్రిప్టు రాయడం రానివారికి 'కర్ల్' అనే ఉచిత సాధనం ఉంది. కర్ల్ అని రాసి, అడ్డగీత, పెద్ద సి, ఖాళీ, మరొక అడ్డగీత, తర్వాత పెద్ద ఓ ముందు అడ్డగీత, చివర ఫైలు చిరునామా ఇస్తే, అది తెగిన చోటు తానే కొలుచుకొని అందుకుంటుంది. ఫైలు మారిందేమో చూసుకొనే భారం మాత్రం మనదే.

ఒక హెచ్చరిక. బైట్లు వేరు, పుటలు వేరు. పుస్తకం నడిమి నుంచి కొన్ని బైట్లు తెచ్చుకుంటే నలభయ్యో పుట రాదు. జిప్ కట్ట సంగతి కొంత వేరు. లోపల ఏమేమి ఉన్నాయో చెప్పే పట్టిక దాని చివర ఉంటుంది కాబట్టి, చివరి ముక్క తెచ్చి స్క్రిప్టుతో ఆ పట్టిక చదవవచ్చు.

ముందుగా ఒక చిన్న ఫైలుతో ప్రయత్నించండి. మొదటి 1000 బైట్లు అడగండి. సరిగ్గా 1000 వస్తే ఆ సర్వర్ మన మాట వింటుందన్నమాట. ఆ తర్వాతే పెద్ద పుస్తకానికి పూనుకోండి.