ధర్మకర్తలు మారిన ధర్మము మారునా?

పండుగనాడు అన్నదానమునకై హుండీలో వేయు రూపాయి మొదలుకొని, పుట్టింటివారు పసుపు కుంకుమల క్రింద నిచ్చిన పొలమును సత్రమునకు వ్రాసి యిచ్చుట వరకు, ధర్మకార్యములలో స్త్రీల సొమ్ము తక్కువ కాదు. ఐనను, ఇచ్చిన పిమ్మట ఆ సొమ్ము ఎవరి చేతిలో నున్నది, వారి తరువాత నెవరి చేతికి పోవును అని విచారించువారు మనలో మిక్కిలి యరుదు. అది మగవారి పనియనియు, కోర్టుల పనియనియు ఊరకుందుము.

మా చిన్ననాట మా గ్రామమున పేద విద్యార్థులకు భోజనము పెట్టు సత్రమొకటి యుండెడిది. వృద్ధుడైన ధర్మకర్త గతించినంతనే, ఆయన కుమారుడొకవంక, అల్లుడొకవంక, ఊరిపెద్దలు వేరొకవంక 'మేమే ధర్మకర్తల' మని వ్యాజ్యమునకు దిగిరి. అది నడచినన్ని నాళ్లు సత్రపు పొయ్యి రాజలేదు. తుదకు గెలిచినదెవరో మాకు జ్ఞాపకము లేదు. వాకిటిదాక వచ్చి, తలుపునకు వేసిన తాళము చూచి తిరిగిపోయిన పిల్లల ముఖములు మాత్రము నేటికిని మా కన్నుల యెదుట నున్నవి.

ధర్మకర్త యనగా నెవరు? పొరుగింటి యిల్లాలు కాశీయాత్రకు పోవుచు తన నగల పెట్టెను మనకు అప్పగించినదనుకొందము. దానిని మనము కాపాడవలెనే గాని ధరింపరాదు. మన కూతునకు పెండ్లి కానుకగా నీయరాదు. ధర్మకర్త స్థితియు నట్టిదే. ఆస్తి యతని పేర నుండవచ్చును గాని, దాని ఫలము ప్రజలది. కనుకనే ధర్మకర్త మారుట యొక యింటి పంపకము వంటిది కాదు. అది ప్రజలకు సంబంధించిన విషయము.

న్యాయశాస్త్రమును ఈ భేదమును పాటించినది. కుటుంబములోని కొలదిమంది కొరకై యేర్పడు ట్రస్టులకు 1882 నాటి ట్రస్టుల చట్టము వర్తించును. ప్రజల కొరకైన ధర్మములకు వర్తింపదు. వీనికి 1908 నాటి సివిలు ప్రొసీజరు కోడులోని 92వ సెక్షను ఆధారము. ధర్మమునందు ప్రయోజనముగల యిద్దరు కలిసి, కోర్టు అనుమతి పొంది, దావా వేయవచ్చును. అపరాధియైన ధర్మకర్తను తొలగింపుమనియు, క్రొత్తవానిని నియమింపుమనియు, లెక్కలు చెప్పింపుమనియు, సంస్థ నడుచుటకొక స్కీము ఏర్పరుపుమనియు కోరవచ్చును. ఆ యిద్దరు పురుషులే కావలెనని యెందును లేదు. దేవాదాయ చట్టముల వంటి ప్రత్యేక చట్టముల క్రిందనున్న సంస్థలకు మాత్రము ఆ చట్టములు చెప్పిన మార్గమే మార్గము.

అట్టి ప్రత్యేక చట్టము క్రింద నడచిన వివాదమొకటి మన తెలుగునాటనే కలదు. అది స్త్రీలు ప్రత్యేకముగ తెలిసికొనదగినది. విజయనగర ప్రభువంశమునకు చెందిన పి.వి.జి. రాజుగారు తమ తండ్రి అలక నారాయణ గజపతిరాజుగారి స్మృత్యర్థము 1958లో 'మాన్సాస్' అను విద్యాధర్మసంస్థను స్థాపించి, తమ కోటను సైతము దానికి సమర్పించిరి. వారి యనంతరము 1995లో పెద్దకుమారులు ఆనంద గజపతిరాజుగారును, వారు 2016లో గతింపగా తమ్ములు అశోక్ గజపతిరాజుగారును అధ్యక్షులైరి.

ఇంతలో చట్టమును మారియుండెను. ఆంధ్రప్రదేశ దేవాదాయ ధర్మాదాయ చట్టము 1987లో వంశపారంపర్య ధర్మకర్తృత్వమును రద్దుచేసినది. సుప్రీముకోర్టు 1996లో ఆ రద్దును సమర్థించుచునే, స్థాపకుని కుటుంబములో నొకరు పాలకమండలికి అధ్యక్షులుగా నుండవలెనని చెప్పెను. సరియే, కాని ఆ కుటుంబములో నెవరు? చిక్కంతయు నిచటనే.

2020 మార్చిలో రాష్ట్రప్రభుత్వము అశోక్ గజపతిరాజుగారి స్థానమున, ఆనంద గజపతిరాజుగారి కుమార్తె సంచయితగారిని అధ్యక్షురాలిగా నియమించెను. వివాదము హైకోర్టునకు పోయెను. 1958 నాటి దస్తావేజు ప్రకారము వంశములోని పెద్ద పురుషునికే ఆ పదవి చెందునని యొక పక్షము; స్త్రీ యైనంతమాత్రమున కాదనుట యెట్లని వేరొక పక్షము. 2021 జూన్ 14వ తేదీన హైకోర్టు ప్రభుత్వపు టుత్తర్వులను కొట్టివేసి, అశోక్ గజపతిరాజుగారికి పదవిని తిరిగి యిప్పించెను.

ఈ వ్యాజ్యములో నెవరి పక్షమును వహింప మేము పూనుకొనలేదు. మా మనస్సున నాటినది వేరొకటి. దస్తావేజులో నొక వాక్యము వ్రాసిన అరువది రెండేండ్లకు వాదమంతయు దాని చుట్టును తిరిగినది. కూతుండ్రకును చోటుండవలెనని కోరువారు, ఆ కోరికను ధర్మము స్థాపించునాడే వ్రాయింపవలెను. కోర్టు మెట్లెక్కిన పిదప వగచి ఫలమేమి?

వ్రాతయే కాదు, వేళయు ముఖ్యము. మహారాష్ట్రములో ధర్మకర్తలలో నెవరు మారినను, ఆ మార్పును తొంబది దినములలో ధర్మాదాయ కార్యాలయమునకు తెలుపవలెనని 1950 నాటి చట్టము శాసించుచున్నది. మార్పు జరిగినప్పుడే వ్రాతలోనికెక్కిన, పదేండ్లకు ముగ్గురు వచ్చి 'నేనే ధర్మకర్త' ననుటకు ఎడము తగ్గును.

కావున సోదరీమణులారా, ఇకమీద ధర్మమునకు చేయి చాచునపుడు నాలుగు మాటలడుగుడు. దస్తావేజు కలదా? ధర్మకర్త గతించిన మరియొకరి నెవరు, ఎన్ని దినములలో నియమింతురు? ఆ నియామకములో స్త్రీలకు చోటు కలదా? వివాదము వచ్చిన నాడు, అది తీరువరకు పొయ్యి ఆరకుండ చూచువారెవరు? ఈ కడపటి ప్రశ్నయే మాకు మొదటిదిగ తోచుచున్నది. వండి వడ్డించుట యెరిగిన మనకు దాని విలువ వేరొకరు చెప్పవలెనా? ధర్మకర్తలు వత్తురు, పోవుదురు. వారు మారిన దినమున గూడ ఆకలిగొన్న బిడ్డ వేళకు వచ్చును. ఆ వేళకు విస్తరి పరచియున్నచో ధర్మము నిలిచినట్లే.