బాస్కెట్‌బాల్ ఆటను ఇంటనుండి చూచు విధము

బంతిని చేతితో నేలకు తట్టుచు పరుగెత్తి, 10 అడుగుల యెత్తున బిగించిన వలయమునందు వేయు ఆటకు బాస్కెట్‌బాల్ అని పేరు. మన ఉన్నతపాఠశాలల ఆవరణములలో స్తంభమునకు బిగించిన ఇనుప వలయమును పెద్దలలో పెక్కురు చూచియే యుందురు. ఈ ఆట మిక్కిలి ప్రాచీనమైనది కాదు. అమెరికాలో మసాచుసెట్సు రాష్ట్రమున, స్ప్రింగ్‌ఫీల్డు పట్టణమందలి వై.ఎం.సి.ఏ. శిక్షణాలయమున, 1891వ సంవత్సరము డిసెంబరు మాసమున జేమ్సు నెయిస్మిత్ అను ఉపాధ్యాయుడు దీనిని కల్పించెను. చలికాలమున విద్యార్థులకు కప్పుక్రింద వ్యాయామము కావలసివచ్చి, ఆయన పండ్లబుట్టలు రెండింటిని ఎత్తున కొట్టించి, 13 నియమములు వ్రాసి యిచ్చెను. ఆ బుట్టలే ఆటకు పేరిచ్చినవి.

జీతము పుచ్చుకొని ఈ ఆట నాడువారి సంఘములలో ప్రముఖమైనది అమెరికాలోని ఎన్.బి.ఏ. ఇది 1946లో వేరొక నామముతో న్యూయార్కు నగరమున ఏర్పడి, 1949లో మరియొక సంఘముతో కలిసి ఇప్పటి పేరును వహించినది. ఇందు 30 జట్లు గలవు. 29 అమెరికా నగరములవి. ఒకటి కెనడాలోని టొరంటో నగరముది. అక్టోబరు మొదలు ఏప్రిల్ నడుమ వరకు ఒక్కొక్క జట్టు 82 ఆటల నాడును. మొత్తము 1230 ఆటలు. పిమ్మట 16 జట్లు మాత్రము మిగిలి, ఇద్దరిద్దరుగా తలపడును. 7 ఆటలలో ముందుగా 4 గెలిచిన జట్టు పైమెట్టున కేగును. జూన్ మాసమున విజేత యెవరో తేలును.

ఈ ఆటలను క్రీడాశాలకు పోక ఇంటనుండియే చూచుట యెట్లు అనునది నేటి ప్రసంగవిషయము. అమెరికాలోని ఆటతో మనకేమి పని యని కొందరు తలపవచ్చును. మన గ్రామములనుండి బిడ్డలు పోయి అచ్చట స్థిరపడిన కుటుంబములు నేడు వేలకొలదిగా నున్నవి. అచ్చట పుట్టిన మనుమలకు మన చెడుగుడు తెలియకపోవచ్చును గాని బాస్కెట్‌బాల్ తెలియును. వారిని చూడబోయిన తాతలకును అమ్మమ్మలకును ఆ పిల్లలతో కూర్చుండి నాలుగు మాటలాడుటకు ఈ ఆట మంచి సాధనము. అయితే అచ్చట ఒక చిక్కు ఎదురగుచుండును. చందా కట్టిన యింట, సరిగా ఆటవేళకు, తెరమీద ఆటకు బదులుగా ‘మీ ప్రాంతమున ఈ ఆటను చూపుటకు వీలులేదు’ అను ప్రకటన వచ్చును. అదియును దూరపు జట్టు ఆటకు కాదు. ఆ యూరి జట్టు ఆటకే. ఊరి జట్టును ఊరివారికే చూపకుండుటకు కారణమేమో తెలిసినచో, తక్కిన యేర్పాటంతయు తేటపడును.

ఆటను చూపు హక్కు అమ్ముడుపోవు వస్తువు. క్రీడాశాలలో కూర్చుండువాడు టిక్కెట్టు కొనును. ఆ ఆటను దూరమునకు పంపువాడు హక్కును కొనును. నది యొక్కటే యైనను నీరు వేర్వేరు కాలువల బడి పోవునట్లును, ఒక్కొక్క లాకు ఒక్కొక్కరి అధీనమున నుండునట్లును, ఈ ఆట మూడు దారుల వెంట ఇండ్లకు చేరుచున్నది.

మొదటిది దేశమంతటికిని చేరు దారి. 2024 జులై మాసమున ఎన్.బి.ఏ. సంఘము డిస్నీ, ఎన్.బి.సి., అమెజాన్ అను మూడు సంస్థలతో 11 సంవత్సరముల ఒడంబడిక చేసికొన్నది. అది 2025 అక్టోబరునందు అమలులోనికి వచ్చినది. దాని మూల్యము సుమారు 7,600 కోట్ల డాలర్లని పత్రికలు ప్రకటించినవి. దానికి ముందటి 9 సంవత్సరముల ఒడంబడిక మూల్యము 2,400 కోట్ల డాలర్లు. ఇంత ధనమునకు ఆ సంస్థలకు దక్కినవి 1230 ఆటలలో రమారమి 250 మాత్రమే. కాని అవి ఏరి తీసిన ఆటలు. అంత్యపోటీలు డిస్నీవారి ఏ.బి.సి. టెలివిజనున వచ్చును. సాధారణముగా బుధవారపు ఆటలు వారిదే యగు ఇ.ఎస్.పి.ఎన్.న, మంగళవారపు ఆటలు ఎన్.బి.సి.న, సోమవారపు ఆటలు ఎన్.బి.సి. వారి పీకాక్ అను ఇంటర్నెట్టు సేవయందు, శుక్రవారపు ఆటలు అమెజాన్ వారి ప్రైమ్ వీడియోనందు చూపబడును.

రెండవది ప్రాంతీయమైన దారి. మిగిలిన వేయికి దరిదాపైన ఆటలను ఆయా జట్ల యజమానులు తమతమ ప్రాంతములలోని టెలివిజను స్టేషనులకు అమ్ముకొందురు. ఆ స్టేషను పెద్దమొత్తము చెల్లించుట యెందులకు? ఆ ప్రాంతమున ఆ ఆటను తాను తప్ప మరియొకరు చూపరాదను షరతునకే.

మూడవది సంఘమువారే స్వయముగా నడపు లీగ్ పాస్ అను చందా పద్ధతి. 1994లో ఇది ప్రారంభమైనది. తన అభిమాన జట్టునకు దూరముగా వేరొక నగరమున నివసించు వానికొరకు ఇది యేర్పడినది. బోస్టన్ జట్టును ప్రేమించువాడు హ్యూస్టనున నున్నచో, దీనివలన బోస్టన్ ఆటలను పెక్కింటిని చూడవచ్చును. కాని హ్యూస్టను ఆటలను ప్రాంతీయ స్టేషను ముందే కొని యున్నది. దేశమంతటికిని చూపు ఆటలను పెద్దసంస్థలు కొని యున్నవి. కావున లీగ్ పాస్ చందా కట్టిన హ్యూస్టను నివాసికి ఆ రెండు విధములైన ఆటలును జరుగుచుండగా కనబడవు. ఇదియే ఆ ప్రకటనకు మూలకారణము. పెట్టె చెడిపోలేదు, చందా వ్యర్థము కాలేదు. ఒకరికి అమ్మిన దానిని మరియొకరు చూపజాలకున్నారు.

పూర్వము ఇట్టి చిక్కు లేక, అందరును ఉచితముగా చూచెడివారని కొందరు చెప్పుదురు. అది సగము సత్యము. 1940 ఫిబ్రవరి 28వ తేదీన న్యూయార్కునందలి మాడిసన్ స్క్వేర్ గార్డెనునుండి కళాశాలల బాస్కెట్‌బాల్ ఆట టెలివిజనున ప్రసారమైనది. నాడు టెలివిజను పెట్టె గల గృహములు బహు స్వల్పము. తరువాత పెట్టెలు పెరిగినను, ఆట వచ్చుట స్టేషను ఇష్టముపై నుండెను. 1980 మే 16వ తేదీన ఫిలడెల్ఫియా నగరమున లాస్ ఏంజిలిస్ జట్టు విజేతగా తేలిన ఆట జరిగినది. కరీం అబ్దుల్-జబ్బార్ గాయమువలన ఆడజాలకపోగా, 20 ఏండ్ల మ్యాజిక్ జాన్సన్ అతని స్థానమున నిలిచి 42 పాయింట్లు సంపాదించెను. అంతటి ఆటను సి.బి.ఎస్. సంస్థ పెక్కు నగరములలో జరుగుచుండగా చూపక, రాత్రి 11-30 గంటలకు రికార్డు చేసినదానిని వేసినది. 1982 నుండి మాత్రమే అంత్యపోటీలన్నియు జరుగుచున్న వేళనే ప్రసారమగుచున్నవి. నాడు కాసు ఖర్చులేదు, కాని ఆట దొరకుట దుర్లభము. నేడు ప్రతి ఆటయు ఎచ్చటనో దొరకును, కాని ప్రతి ద్వారమునకును సుంకము కలదు.

ఈ సుంకము తగ్గు మార్గమొకటి ఇటీవల తెరువబడినది. పట్టణవాసులు కేబుల్ తీగను వదలి ఇంటర్నెట్టునకు మరలుటచే ప్రాంతీయ స్టేషనుల ఆదాయము క్షీణించినది. సుమారు సగము జట్ల ఆటలను చూపుచుండిన డైమండ్ స్పోర్ట్సు అను సంస్థ 2023 మార్చిలో దివాలా పిటీషను దాఖలు చేసినది. ఆ సంవత్సరముననే ఫీనిక్సు జట్టువారు తమ ఆటలను ఆకాశమార్గమున ఉచితముగా ప్రసారమగు స్టేషనున కిచ్చిరి. కోరిన అభిమానులకు ఏరియలును సైత ముచితముగా నిచ్చిరి. 2024లో డల్లాసు జట్టును అట్లే చేసినది. డల్లాసు పరిసరములలో తెలుగు కుటుంబములు మెండు గనుక ఈ సంగతి మనవారికి ఉపయోగించును. మన యిండ్లలో రేడియోకు ఏరియలు కట్టిన విధముననే టెలివిజనునకును చిన్న ఏరియలు తగిలించిన చాలును. దేశవ్యాప్తమైన ఏ.బి.సి., ఎన్.బి.సి. ప్రసారములును స్టేషను సమీపమున నున్నవారికి దానితోనే అందును. కాబట్టి చందాలను గూర్చి యోచించుటకు ముందు ఏరియలును గూర్చి యోచించుట మేలు.

ఇక స్ట్రీమింగు అనగా నేమి? ఆకాశమున వచ్చు టెలివిజను తరంగము ఒక్కటియే. దానిని ఎన్ని యిండ్లవారైనను ఏకకాలమున పట్టుకొందురు. స్ట్రీమింగునం దట్లుగాదు. ఆట దృశ్యమును కొన్నికొన్ని సెకండ్ల ముక్కలుగా కోసి, ఒక్కొక్క ముక్కను పెద్దది, నడిమిది, చిన్నది అని పలు పరిమాణములలో సిద్ధపరతురు. ఇంటిలోని పెట్టెగాని ఫోనుగాని ఇంటర్నెట్టు ద్వారా ఆ ముక్కలను ఒకదాని వెంట నొకటి అడిగి తెచ్చుకొనును. దారి బాగున్నచో పెద్దముక్కను, రద్దీగా నున్నచో చిన్నముక్కను తెచ్చును. చిత్రము ఒక్కొక్కప్పుడు మసకబారుట ఇందువలననే. దారి తెగినను ఆట ఆగకుండుటకై కొన్ని ముక్కలను ముందుగా నిలువచేసికొనును. ఈ కారణములచే స్ట్రీమింగున కనబడు ఆట నిజమైన ఆటకన్న అర నిమిషము వరకు, ఒక్కొక్కప్పుడు అంతకు మించియు వెనుకబడి యుండును. ప్రక్కయింటివారు ఏరియలుతో చూచుచు కేకవేసిన పిమ్మటగాని మన తెరమీద బంతి వలయమున పడదు. ఇది లోపము కాదు. ఆ పద్ధతి స్వభావము.

మన దేశమునుండి చూడగోరువారికి స్థలనిషేధపు బాధ లేదు. ఇచ్చట ఆ సంఘమునకు చెందిన జట్టు లేదు గనుక ఊరి జట్టను షరతును లేదు. క్రీడాశాల ప్రక్కవీధిలో నున్నవాడు చూడలేని ఆటను బెజవాడలో నున్నవాడు లీగ్ పాస్ చందాతో చూడగలుగుట ఒక వింత. 2019 అక్టోబరు 4, 5 తేదీలలో సాక్రమెంటో, ఇండియానా జట్లు బొంబాయికి వచ్చి ఆడిపోయినవి; ఈ సంఘపు జట్లు మన దేశమున ఆడుట అదియే ప్రథమము. ఇక వేళ విషయము. న్యూయార్కున సాయంకాలము 7-30కి ఆరంభమగు ఆట, చలికాలమున మనకు మరునాటి ఉదయము 6 గంటలకు, వారు గడియారమును ముందునకు జరుపుకొన్న మాసములలో 5 గంటలకు వచ్చును. పశ్చిమతీరమున రాత్రి 7-30 ఆట చలికాలమున మనకు ఉదయము 9 గంటలకు వచ్చును. తెల్లవారుజామున లేచు అలవాటు గల మన పెద్దలకు ఇది కష్టమైన వేళ కాదు.

తెరను చదువు విధమును కొంత తెలియవలెను. అడుగుభాగమున రెండు జట్ల పేర్లు మూడేసి అక్షరములలోను, వాని ప్రక్క పాయింట్లును కనబడును. ఆట 12 నిమిషముల భాగములు నాలుగు, జట్టునకు ఐదుగురు. బంతి వలయమున పడిన 2 పాయింట్లు. దూరపు గీతకు వెలుపలినుండి వేసిన 3. ప్రత్యర్థి తప్పిదమునకై ఇచ్చు నిరాటంకపు విసురునకు 1. గడియారము ప్రక్క 24 నుండి తగ్గుచుండు సంఖ్య మిక్కిలి ముఖ్యమైనది. బంతి చేజిక్కిన జట్టు 24 సెకండ్లలోపల వలయమునకు గురిచూచి విసరవలెను. 1950లో ఫోర్ట్ వేన్ జట్టు బంతిని విడువక పట్టుకొనియే 19-18 పాయింట్లతో గెలిచినది, చూచువారు విసిగిరి. అట్టి ఆటలకు ప్రతిక్రియగా 1954లో ఈ నియమము వచ్చినది. దానిచే ఆటకు వేగము కలిగి, టెలివిజనునకు తగినదైనది. చూచునపుడు బంతినే చూడక, బంతి లేని నలుగురును ఎటు కదలుదురో గమనింపుడు. ఆట మర్మము అచ్చట నున్నది. చివరి రెండు నిమిషములు తప్పిదములచేతను విరామములచేతను మిక్కిలి సాగును, తొందరపడి లేవరాదు.

తుదకు ధనవిషయము. చందా కట్టుటకు ముందు మనుమని మూడు ప్రశ్నలడుగుడు: నీకు కావలసిన జట్టేది? అది మనమున్న ఊరిదా, దూరపుదా? ఆ దినపు ఆట ఎవరి చేతిలో నున్నది? ఊరి జట్టైనచో ఏరియలును, ప్రాంతీయ స్టేషనును. దూరపు జట్టైనచో లీగ్ పాసును. పెద్ద ఆటలైనచో ఆ మూడు సంస్థలను విచారింపవలెను. అన్నియు కొనువాడు అధికముగా నష్టపోవును. చందాలు పెక్కు తమంతట తామే నెలనెలకు బ్యాంకునుండి సొమ్ము తీసికొనుచుండును; జూన్ మాసమున ఆటలు ముగిసినను అవి ముగియవు. ఆపుమని చెప్పిననే ఆగును. ఉచితముగా చూపుదుమని హక్కులేనివారు పెట్టు ఇంటర్నెట్టు స్థలములు కార్డు సంఖ్య నడుగుచుండును. అట్టివారికి సంఖ్యను తెలుపుట తిజోరి తాళపుచెవిని దారిన పోవువాని కిచ్చుటయే.

ఆట చూచుటకు నేడు కన్నులు మాత్రమే చాలవు. హక్కెవరిదో తెలిసిన వివేకమును కావలెను. అది తెలిసినవాడు అల్పవ్యయముతో చూచును. తెలియనివాడు సొమ్ము చెల్లించియు నిషేధప్రకటనను చూచుచు కూర్చుండును.