హజ్ సొమ్ము ఎక్కడ దాచాలి?

హజ్ కోసం ఇంటి పెద్దలు ఏళ్ళ తరబడి పైసా పైసా కూడబెట్టడం మనకు తెలిసిందే. మలేసియా పల్లెల్లోనూ ఒకప్పుడు ఇదే పరిస్థితి. బ్యాంకులో వేస్తే వడ్డీ అంటుకుంటుందని రైతులు డబ్బును పరుపుల కింద దాచేవారు. చాలకపోతే పొలం, పశువులు అమ్మేవారు. స్తోమత ఉన్నవారికే హజ్ విధి అని మనకు తెలుసు. కానీ ఆ ఆరాటం ఆగేదా? హాజీగా తిరిగివచ్చేసరికి దున్నుకోవడానికి నేల ఉండేది కాదు.

దీనికి మార్గం ఆలోచించినవారు అర్థశాస్త్రవేత్త ఉంగ్కు అజీజ్. 1959లో ఆయన చేసిన సూచనతో 1963లో యాత్రికుల పొదుపు సంస్థ వెలిసింది. మొదట చేరింది 1,281 మంది. 1969లో యాత్ర ఏర్పాట్లు చూసే కార్యాలయాన్ని కూడా ఇందులో కలిపారు. అదే నేటి తాబుంగ్ హాజీ. ఖాతాదారులు 90 లక్షలు దాటారు. ఇక్కడ వడ్డీ ఉండదు. పొదుపు సొమ్మును పామాయిల్ తోటల్లో, భవనాల్లో, వ్యాపారాల్లో పెట్టి, వచ్చిన లాభం పంచుతారు. దానిపై జకాత్ కూడా సంస్థే చెల్లిస్తుంది. పరుపు కింద ఊరికే పడి ఉన్న డబ్బు అలా దేశానికి పెట్టుబడి అయింది.

అయితే అంతా సాఫీగా సాగిందనుకోరాదు. ఆస్తుల కంటే బాకీలు ఎక్కువైతే లాభం పంచరాదన్నది చట్టం. అయినా కొన్నేళ్ళు పంచారని 2018 డిసెంబరులో ప్రభుత్వమే ప్రకటించింది. విలువ పడిపోయిన ఆస్తులను ప్రభుత్వం వేరే కంపెనీ పెట్టి తీసుకోవలసివచ్చింది. డిపాజిట్లకు ప్రభుత్వానిదే హామీ అని 1995 చట్టంలో రాసి ఉంది కనుకనే పల్లె ముసలమ్మ దాచుకున్న సొమ్ము మునగలేదు.