ఏలుకొమ్మన్నది ఎవరిని?

భామాకలాపంలో తెలుగు ప్రేక్షకులు తరతరాలుగా ఎదురుచూసే ఘట్టం ఒకటుంది. విరహంతో వేగిపోతున్న సత్యభామ తన భర్తను తోడి తెమ్మని మాధవిని బతిమాలుకుంటుంది. తెస్తాను గానీ ఆయన పేరేమిటో చెప్పమంటుంది మాధవి. మొగుడి పేరు నోటితో పలకడం ఆ కాలపు తెలుగింట తప్పు. అందుకని సత్యభామ సిగ్గుతో మెలికలు తిరుగుతూ, గుర్తులు చెబుతూ, పేరు చుట్టూ ప్రదక్షిణ చేస్తుంది. ఆ పేరు కృష్ణుడని వేదిక మీదివాళ్లకూ తెలుసు, చాప మీద కూర్చున్న పసివాడికీ తెలుసు. అయినా ఆ ఘట్టం రక్తి కడుతుంది. అక్కడ దాచిపెట్టిన రహస్యమేదీ లేదు. నోటితో అనకూడని మాటను అనకుండానే అనడం ఉంది. పాటల్లోని చాటుమాటకు ఇదే మూలం అనుకుంటాను. అది దాచడానికి పుట్టినది కాదు, చెప్పడానికి పుట్టినది. తిన్నగా చెప్పే హక్కు లేనివాళ్లు వెతుక్కున్న దారి అది.

ఈ దారి మనకొక్కరికే తెలిసింది కాదు. అమెరికా దక్షిణ రాష్ట్రాల్లో, ముఖ్యంగా మిసిసిపీ డెల్టా పత్తి చేలల్లో, బానిసత్వం రద్దయిన తరువాతి తరాల నల్లజాతి ప్రజలు బ్లూస్ పాట కట్టారు. ఆ పాటల్లో ‘జెల్లీ రోల్’ అంటే పైకి ఒక మిఠాయి, లోపల శృంగారం. ‘రైడర్’ అంటే పైకి రౌతు, లోపల ప్రియుడో ప్రియురాలో. ‘మోజో’ అంటే తాయెత్తు మూట, దానితోపాటే మనిషిలోని ఆకర్షణ కూడా. దొర వింటే ఒక అర్థం, తోటి కూలి వింటే ఇంకో అర్థం. 1920లో మామీ స్మిత్ పాట రికార్డుగా వచ్చి విపరీతంగా అమ్ముడుపోయాక ఈ భాష ప్రపంచమంతా పాకింది. ఆ డెల్టాకూ మన కృష్ణా డెల్టాకూ మధ్య సముద్రాలున్నాయి, చరిత్రలూ వేరు. కానీ చాటుమాట పని చేసే తీరు మాత్రం రెండు చోట్లా ఒక్కటే. మన పాటల విషయంలో ఆ తీరును మరిచిపోయి, వాటిని సగమే వింటున్నాం.

కూచిపూడి ఉన్నది కృష్ణా జిల్లా మొవ్వ మండలంలో. ఆ మొవ్వే పదకర్త క్షేత్రయ్య ఊరని సంప్రదాయం చెబుతుంది. పదిహేడో శతాబ్దపు ఈ కవి తంజావూరులో విజయరాఘవ నాయకుడి కొలువు దాకా వెళ్లాడు. వేల పదాలు కట్టాడని ప్రతీతి, నేడు మిగిలినవి కొన్ని వందలు. వాటి ముద్ర మువ్వగోపాల. ఆ ముద్రలోనే రెండర్థాలున్నాయి. ఈ డెల్టావాడికి అది ఊళ్లోని వేణుగోపాలస్వామి. ఆ ఊరి పేరే ఎరగని శ్రోతకు మువ్వ అంటే కాలి గజ్జె. పదాల్లో మాట్లాడేది ఎక్కువగా స్త్రీ, చాలాచోట్ల వేశ్య. ఆమె భాష వాడుక తెలుగు, దాదాపు ప్రతి మాటకూ ఒక లోపలి అర ఉంటుంది. ‘ఏలుకో’ అన్న మాటనే చూడండి. రాజు దేశాన్ని ఏలుతాడు, దేవుడు భక్తుణ్ణి ఏలుకుంటాడు, ప్రియుడు ప్రియురాలిని ఏలుకుంటాడు. ‘సామి’ అంటే గుళ్లో దేవుడు, గడప ముందు నిలబడ్డ విటుడు కూడా. నేడు పత్రికల్లో రాజకీయ పొత్తుకు వాడుతున్న ‘కూటమి’ శృంగార కావ్యాల్లో ప్రేమికుల కలయిక. ‘వెల’ అంటే బజారులో ధర, అదే ‘వెలయాలు’ అన్న మాటలో ఒక స్త్రీ బతుకు. ఏలికే దేవుడని కొలిపించుకున్న నాయకరాజుల కాలంలో, ఏలుకోమని స్త్రీ అడిగింది రాజునా, దేవుణ్ణా, డబ్బు తెచ్చినవాణ్ణా అన్న ప్రశ్నకు భాషే జవాబు చెప్పనివ్వదు. ఆ జవాబు చెప్పకపోవడమే ఆమెకు రక్షణ. ఆ చాటునుంచే ఆమె మాట తప్పినవాణ్ణి నిలదీస్తుంది, చెయ్యి ఖాళీగా వచ్చినవాణ్ణి గుమ్మంలోనే ఆపుతుంది.

ఈ అర్థాలు కాగితం మీద సగమే దొరుకుతాయి. మిగతా సగం అభినయంలో ఉంది. దేవదాసీ సంప్రదాయానికి చెందిన కళావంతుల మేళాల్లో ఆరితేరిన నటి పదం పట్టుకుంటే అడుగులు తగ్గిపోయేవి, కూర్చునే పాడేది. ఒక్క పంక్తిని మళ్లీ మళ్లీ పాడుతూ ప్రతిసారీ కొత్త భావం చూపేది. మాట మారదు, రాగం మారదు. కనుబొమ్మ మారుతుంది, పెదవి మారుతుంది, చేతివేళ్ల విరుపు మారుతుంది. ‘రమ్మను’ అన్న మాట మొదటిసారి ఆశ, రెండోసారి ఆజ్ఞ, మూడోసారి ‘వచ్చి చూడమను, చెబుతాను’ అన్న బెదిరింపు. అచ్చులో ఆ ఒక్క మాటే మిగులుతుంది. కాబట్టి చాటుమాట నిఘంటువులో ఉండేది కాదు, పాడేవారికీ వినేవారికీ మధ్య కుదిరిన ఒప్పందం. వినేవాడికి ఆ లోకం తెలియకపోతే ఒప్పందం చెల్లదు.

దీనికి పెద్దలు చెప్పే మొదటి అభ్యంతరం తెలిసిందే. ఇవన్నీ జీవాత్మ పరమాత్మ కోసం పడే తపన అనీ, శృంగారం పై తొడుగు మాత్రమేననీ అంటారు. ఈ మాటను కొట్టిపారేయలేం. దేవుణ్ణి నాయకుడిగా, తనను నాయికగా భావించుకోవడం పదిహేనో శతాబ్దపు అన్నమయ్య సంకీర్తనల్లోనే నిండుగా ఉంది. సత్యభామను జీవుడిగా, కృష్ణుణ్ణి పరమాత్మగా చూడటం కూచిపూడి గురువుల మాటే. అయితే అదొక్కటే అర్థమని గట్టిగా చెప్పవలసిన అవసరం ఎక్కువగా ఇరవయ్యో శతాబ్దంలో వచ్చింది. దేవదాసీ వ్యవస్థ మీద సంఘ సంస్కరణోద్యమం నడిచింది, 1947లో మద్రాసు ప్రభుత్వం దేవదాసీలను అంకితం చేయడాన్ని నిషేధిస్తూ చట్టం చేసింది. ఆ దురాచారం పోవడం మంచిదే. కానీ పదాలు కళావంతుల చావిడి నుంచి సభామందిరానికి మారినప్పుడు వాటికి మర్యాదస్థుల వేషం కట్టవలసి వచ్చింది. లోపలి అరలో దేవుడొక్కడే మిగిలాడు, తలుపు దగ్గర బేరమాడిన స్త్రీ మాయమైంది. బ్లూస్‌ను చర్చి పెద్దలు సైతాను సంగీతమన్నారు. 1972లో జేమ్స్ కోన్ అనే నల్లజాతి వేదాంతి ఆ పాటల్ని లౌకికమైన ఆధ్యాత్మిక గీతాలన్నాడు. ఒంటి బాధనూ ప్రేమనూ తీసేసి ఆత్మను చూపించలేదాయన, వాటిలోనే చూశాడు. మనకు కావలసిన చూపు అదే. క్షేత్రయ్య నాయిక ఏకకాలంలో భక్తురాలూ వేశ్యా. రెండింట్లో ఒకటి తీసేస్తే పదం చచ్చిపోతుంది.

రెండో అభ్యంతరం దీనికి ఎదురుగా ఉంటుంది, ఇది ఉత్త బూతు అంటుంది. ఈ మాట ఎవరి మీద పడిందో చూడాలి. పద్దెనిమిదో శతాబ్దంలో తంజావూరు ఆస్థానంలోని ముద్దుపళని రాధికా సాంత్వనం రాసింది. తెలుగు ప్రబంధాల్లో మగ కవులు వర్ణించని శృంగారం లేదు. అయినా ఒక స్త్రీ, అందునా వేశ్య, ఆ వర్ణన చేయడాన్ని కందుకూరి వీరేశలింగం వంటి సంస్కర్త సైతం సహించలేకపోయారు. 1910లో బెంగళూరు నాగరత్నమ్మ ఆ కావ్యాన్ని పరిష్కరించి వావిళ్ల వారి ద్వారా అచ్చు వేయిస్తే ప్రభుత్వం నిషేధించింది. టంగుటూరి ప్రకాశం పంతులు మద్రాసు ప్రభుత్వాన్ని నడిపిన కాలంలో గాని ఆ నిషేధం తొలగలేదు. మగవాడు రాస్తే ప్రబంధం, ఆడది రాస్తే అశ్లీలం అయిన చోట, ఆడవాళ్లు పదంలో చాటుమాటను ఎందుకు ఆశ్రయించారో వేరే చెప్పనక్కర్లేదు.

మూడో అభ్యంతరం బరువైనది. క్షేత్రయ్య మగవాడు, కూచిపూడిలో సత్యభామ వేషం కట్టిందీ తరతరాలుగా మగవాళ్లే. వేదాంతం సత్యనారాయణ శర్మ భామ పాత్రకు పెట్టింది పేరు. మరి ఇది స్త్రీ గొంతు ఎలా అవుతుంది? నిజమే. బ్లూస్ గాయనులు మా రైనీ, బెస్సీ స్మిత్ తమ పాటల్లో కొన్నింటిని తామే రాసి పాడుకున్నారు, మన పదాల్లో ఆ తేడా ఉంది. కానీ పదాన్ని కట్టినవాడొకడు, మూడు వందల ఏళ్లు గొంతులో నిలిపిందీ, ఒక్కో మాటకు పది అర్థాలు తొడిగిందీ కళావంతుల ఆడవాళ్లు. రాసినవాడిదే పాట అనుకోవడం అచ్చు పుస్తకం నేర్పిన అలవాటు. నోటి మీద బతికే పాట పాడేవాళ్ల సొత్తు కూడా.

చాటుమాట శృంగారానికే పరిమితమైతే దీన్నొక వర్గపు భాష అని పక్కన పెట్టవచ్చు. కానీ ఇదే డెల్టా దాన్ని రాజకీయానికీ వాడింది. 1943లో ఆంధ్ర ప్రజానాట్యమండలి ఏర్పడ్డాక, గుంటూరు జిల్లా పొన్నెకల్లుకు చెందిన షేక్ నాజర్ బుర్రకథను ఊరూరా తిప్పాడు. తంబురా పట్టిన కథకుడు పల్నాటి యుద్ధమో బొబ్బిలి యుద్ధమో చెబుతాడు. పక్కన ఇద్దరు వంతగాళ్లు, ఒకరు హాస్యం, ఒకరు రాజకీయం. కథ బ్రహ్మనాయుడి కాలంలో సాగుతుండగా వంతగాడు అడ్డు తగిలి నేటి సంగతి అందుకుంటాడు. జనం నవ్వుతారు, నవ్వు ఆగేలోపు కథ మళ్లీ పల్నాడుకు వెళ్లిపోతుంది. పాత కథ చాటున కొత్త మాట. ఇందులోనూ అధికారులకు తెలియని గుట్టు ఏమీ లేదు, తెలిసే బుర్రకథలపై నిషేధాలు పెట్టారు. సత్యభామ మొగుడి పేరు లాగే, అందరికీ తెలిసినదాన్ని అనకుండా అనడమే ఇక్కడా బలం.

అయితే ప్రతి మాటలోనూ గుప్తార్థం వెతకడం మరో పొరపాటు. దానికి అడ్డుకట్టగా మూడు ప్రశ్నలు చాలు. పాడుతున్నది ఎవరు? వింటున్నది ఎవరు? తిన్నగా అంటే ఏం జరిగేది? ఈ మూడింటికీ జవాబు దొరికిన చోటే చాటుమాట ఉన్నట్టు. దొరకని చోట అది మామూలు మాటే. క్షేత్రయ్య పదాన్ని నాట్య పాఠశాలలో నేర్పే గురువులకూ, పదాల పుస్తకాలు అచ్చు వేసేవారికీ ఒక విన్నపం. ఇబ్బందిగా తోచిన చరణాలను కత్తిరించకండి. ‘సామి’కి దేవుడని ఒక్క అర్థమే రాసి ఊరుకోకండి, రెండోదీ పక్కనే రాయండి. మేళాల అభినయం గుర్తున్న పెద్దవాళ్లు ఇంకా ఎక్కడైనా ఉంటే, పాటతోపాటు ఆ పాటకు వాళ్లు పట్టిన భావాలనూ రికార్డు చేయండి. మాటలు పుస్తకాల్లో భద్రంగానే ఉన్నాయి. వాటి లోపలి అరల తాళాలు వాళ్ల దగ్గరే ఉన్నాయి.