ఉద్యోగం వచ్చింది సరే, ప్రమోషన్ మాటేమిటి?

మూడు చక్రాల సైకిలు, వినికిడి యంత్రం, కాలేజీ ఫీజు - వికలాంగులైన పిల్లల కోసం దాతలు చేసే సాయం ఎక్కువగా ఈ రూపంలోనే ఉంటుంది. అలా చదువుకున్న అబ్బాయికో అమ్మాయికో సర్కారు నౌకరీ వచ్చిందంటే అందరం మిఠాయి తింటాం. ఆ తర్వాత వాళ్లు చేరిన కుర్చీలోనే ఇరవై ఏళ్లు ఉండిపోతే ఎందుకని అడిగేవారు తక్కువ. "ఉద్యోగం ఇచ్చారు, అదే పదివేలు" అనే మాట ఆఫీసుల్లోనే కాదు, ఇళ్లల్లోనూ వినిపిస్తుంది. చట్టం మాత్రం అలా అనడం లేదు.

ఇక్కడ రెండు హక్కులున్నాయి. చాలామంది వీటిని ఒకటిగా కలిపేసుకుంటారు. మొదటిది, సీనియారిటీ ప్రకారం తన వంతు వచ్చినప్పుడు వైకల్యం సాకుగా చూపి ప్రమోషన్ ఆపకూడదు. ఇది 1995 చట్టంలోనే ఉంది. 2017 ఏప్రిల్ నుంచి అమలవుతున్న 2016 నాటి వికలాంగుల హక్కుల చట్టం 20వ సెక్షన్‌లోనూ ఉంది. ఉద్యోగంలో చేరాక చూపో, కాలో పోయినవారిని ప్రభుత్వ సంస్థ తీసేయకూడదనీ, హోదా తగ్గించకూడదనీ, అవసరమైతే అదే జీతంతో వేరే పనికి మార్చాలనీ ఆ సెక్షనే చెబుతుంది.

రెండో హక్కు ప్రమోషన్లలో రిజర్వేషన్. దీని మీదే చాలా ఏళ్లు కోర్టుల్లో నలిగింది. వెనుకబడిన తరగతులకు ప్రమోషన్లలో రిజర్వేషన్ చెల్లదని ఇంద్రా సహానీ కేసులో 1992లో తీర్పు వచ్చింది కదా, వికలాంగులకూ అదే వర్తిస్తుందని ప్రభుత్వాలు వాదించాయి. 2016లో రాజీవ్ కుమార్ గుప్తా కేసులో సుప్రీంకోర్టు ఆ వాదన ఒప్పుకోలేదు. ఇది కులాన్ని బట్టి ఇచ్చేది కాదు, దారి వేరని చెప్పింది. 2020 జనవరిలో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం సిద్ధరాజు కేసులో దాన్నే ఖాయం చేసింది.

నాకు అన్నిటికంటే నచ్చినది 2021 జూన్ 28న వచ్చిన కేరళ తీర్పు. పోలియో సోకిన ఒక మహిళకు, సర్వీసులో ఉండగా సోదరుడు చనిపోవడంతో, కారుణ్య నియామకం కింద పోలీసు శాఖలో ఉద్యోగం ఇచ్చారు. ఆమె వికలాంగుల కోటాలో ప్రమోషన్ అడిగితే "మీరు ఆ కోటాలో చేరలేదు కదా" అన్నారు. ట్రిబ్యునల్లో ఓడింది, హైకోర్టులో గెలిచింది, ప్రభుత్వం సుప్రీంకోర్టుకు వెళ్లింది. ఏ గుమ్మం నుంచి లోపలికి వచ్చారన్నది లెక్కలోకి రాదనీ, వైకల్యం ఉన్న ఉద్యోగులందరిదీ ఒకే హక్కనీ అక్కడ తేలింది. కోటాలో చేరలేదు గనుక అడగకూడదనుకుని ఊరుకున్నవారు మన చుట్టూ కూడా ఉంటారు. వారికి ఈ సంగతి చెప్పాలి.

ఆ తర్వాత 2022 మే 17న కేంద్రం తన ఉద్యోగులకు ఉత్తర్వులిచ్చింది. గ్రూప్ ఎ లో అట్టడుగు మెట్టు వరకు ప్రమోషన్లలో నాలుగు శాతం వీరికి కేటాయించాలి. రాష్ట్ర ఉద్యోగులు తమ ప్రభుత్వ జీవోలు చూసుకోవాలి. చట్టం ఈ విషయాన్ని ఆయా ప్రభుత్వాల ఆదేశాలకే వదిలింది.

కాగితం మీద ఇంత ఉన్నా హక్కు జారిపోయేది చిన్న చిన్న చోట్లే. మా ఉపాధ్యాయుల సంగతే తీసుకోండి. హెడ్మాస్టరు కావాలంటే డిపార్ట్‌మెంటల్ పరీక్షలు పాసవ్వాలి. చూపులేని టీచరుకు రాసిపెట్టే మనిషి దొరక్కపోతే అక్కడే ఆగిపోతారు. పాసైనా, బస్సు కూడా వెళ్లని ఊరు చూపిస్తే "నాకు ప్రమోషన్ వద్దు" అని ఆయనే రాసిచ్చేస్తారు. రికార్డులో అది ఆయన ఇష్టమే అవుతుంది! తగిన వెసులుబాటు కల్పించడం యాజమాన్యం బాధ్యత అని చట్టం చెబుతోంది. కాబట్టి అలా సంతకం పెట్టే ముందు, వెళ్లగలిగే చోట పోస్టింగు కావాలని రాతపూర్వకంగా అడగాలి.

అడిగినా వినకపోతే ప్రతి ప్రభుత్వ సంస్థలో ఫిర్యాదుల పరిష్కార అధికారి ఉండాలి. ఫిర్యాదు నమోదైన రెండు వారాల్లో విచారించాలి. అక్కడ న్యాయం జరగకపోతే జిల్లా కమిటీ, రాష్ట్ర వికలాంగుల కమిషనర్ ఉన్నారు. రిజర్వేషన్ కోరాలంటే వైకల్యం 40 శాతం లేదా అంతకు మించి ఉన్నట్టు సదరం సర్టిఫికెట్ వంటి ధ్రువీకరణ చేతిలో ఉండాలి.

దుకాణాలు, ఆస్పత్రులు, స్కూళ్లు నడిపే దాతలకు ఒక మాట. నాలుగు శాతం కోటా మీకు లేదు. కానీ ఇరవైమంది, అంతకు మించి పనిచేసే ప్రైవేటు సంస్థ సమాన అవకాశాల విధానం రాసి ప్రకటించాలి. ప్రమోషన్‌కు ముందు ఇచ్చే శిక్షణ గురించి కూడా అందులో ఉండాలి.

ఇక రాసిపెట్టే మనిషి విషయం. కేంద్రం 2018లో ఇచ్చిన మార్గదర్శకాల ప్రకారం అభ్యర్థి తన మనిషిని తెచ్చుకునే వీలుంటే, ఆ మనిషి చదువు అభ్యర్థి కంటే ఒక మెట్టు తక్కువ ఉండాలన్నది అప్పటి నియమం. పరీక్షకు గంటకు కనీసం ఇరవై నిమిషాలు అదనంగా ఇస్తారు. అంటే ఆ నియమం ప్రకారం బి.ఇడి. చేసిన టీచరుకు డిగ్రీ విద్యార్థి సరిపోయేవాడు. మీ స్కాలర్‌షిప్పుతో చదువుతున్న పిల్లల్లో అలాంటివారు ఎందరో ఉంటారు. పరీక్షల నోటిఫికేషన్ రాగానే వారి పేర్లు అడిగి రాసుకుంటే చాలు.