మిరపమంట

వత్సవాయి 2022 వఱకు కృష్ణా జిల్లాలోనిది, నేడు ఎన్.టి.ఆర్. జిల్లాలోనిది. జగ్గయ్యపేట, నందిగామల చుట్టునుగల ఆ మెట్టసీమ మిరప పంటకు పేరుపొందినది. కోతల కాలమున అటు వెళ్ళినచో, కల్లములలో ఎండుచున్న మిరపపండ్లచే నేలయే ఎఱ్ఱబాఱినట్లు కనబడును. దారిని పోవు క్రొత్తవానికి మొదట తుమ్ములు, పిదప దగ్గు వచ్చును. అచట కూలికి వచ్చిన స్త్రీలు మాత్రము ముక్కునకు కొంగు చుట్టుకొని, తొడిమలు తీయుచు, తాలుకాయలను ఏఱుచు ప్రొద్దు గడుపుదురు. సాయంకాలమునకు వారి చేతులు భగభగ మండును. ఎన్నిమారులు నీట కడిగినను ఆ మంట తీఱదు. ఆ చేతులు నిప్పును ముట్టలేదు. మఱి మంట ఎక్కడిది?

మిరపకాయలో కాప్సైసిన్ అను పదార్థము కలదు. కారము గింజలలో ఉండునని పలువురు తలతురు. అది పొరపాటు. కాయను నిలువునా చీల్చి చూడుడు. గింజలు అంటియుండు తెల్లని మెత్తని భాగము కనబడును. కారము పుట్టునది అచటనే. దానిని ఒరసికొనియుండుటచే గింజలకు ఆ పేరు వచ్చినది. బజ్జీలు చేయు ఇల్లాలు కాయను చీల్చి లోపలిదంతయు తీసివేయుట ఇందులకే.

మన నాలుకయందును చర్మమునందును వేడిని కనిపెట్టు నరముల కొనలు కలవు. వాటికి మిక్కిలి సూక్ష్మములైన ద్వారములున్నవి. వేడి సుమారు 43 డిగ్రీల సెంటీగ్రేడు దాటినపుడు అవి తెఱచుకొనును. "కాలుచున్నది" అను వార్త మెదడునకు చేరును. కాప్సైసిన్ ఆ ద్వారమునకు అంటుకొన్నచో, అంతటి వేడి లేకున్నను అది తెఱచుకొనును. మెదడు ఆ వార్తను నమ్మును. చెమట పట్టును, కన్నులు నీరుగాఱును. పాపము, లేని నిప్పును ఆర్పుటకు శరీరము పడు శ్రమయే ఇదంతయు! ఈ ద్వారమును 1997లో అమెరికాలో డేవిడ్ జూలియస్ అను శాస్త్రజ్ఞుడు తన సహచరులతో కూడి కనుగొనెను. 2021లో నోబెల్ బహుమానమును పొందిన ఇరువురు వైద్యశాస్త్ర పరిశోధకులలో ఆయన యొకరు. వేడియు కారమును ఒకే తలుపును తట్టును గనుకనే, పొగలు గ్రక్కు అన్నములో కలిపిన కొఱివికారము చల్దిలో కలిపినదానికంటె హెచ్చుగా మండును.

పక్షుల నరములలోని ద్వారము వేఱు విధమైనది. కాప్సైసిన్ దానిని తెఱవజాలదు. పంజరములోని చిలుక మిరపపండును జామపండువలె తినుట మీరు చూచియే యుందురు.

ఇక ఉపశమనము మాట. నోరు మండగానే మనము నీళ్ళచెంబు కొఱకు పరుగెత్తుదుము. చల్లని నీరు నోటనున్నంతసేపు సుఖమే. మ్రింగిన వెంటనే మంట మరల వచ్చును. కాప్సైసిన్ నీటిలో కరగదు, నూనెలోను క్రొవ్వులోను కరగును. పాలలోని కేసీన్ అను మాంసకృత్తు దానిని పట్టుకొని నాలుకనుండి తొలగించును. కావున గడ్డపెరుగు ముద్దయో, చిక్కని చల్లయో నోటనుంచుకొని, కొంతసేపటికి మ్రింగవలెను. బెల్లపుముక్క చప్పరించినను కొంత మేలు. మన భోజనమున పచ్చడికి నెయ్యి తోడగుటయు, చివర పెరుగన్నము వచ్చుటయు ఊరక ఏర్పడిన ఆచారములు కావేమో!

చేతుల మంటకును ఇదే న్యాయము. ముందుగా కొబ్బరినూనెయో నువ్వులనూనెయో బాగుగా రుద్ది, గుడ్డతో తుడిచి, ఆపైన సబ్బుతో కడుగవలెను. కంటిలో పడినచో నూనె పనికిరాదు, నలుపరాదు, శుభ్రమైన నీటితో చాలసేపు కడుగవలెను. అప్పటికిని మంట తగ్గకున్నచో వైద్యునికి చూపవలెను.

కల్లమునుండి ఇల్లు చేరిన తల్లికి చంటిబిడ్డ చేతులు చాచి ఎదురువచ్చును. ఆమె నీటితో మాత్రమే చేతులు కడుగుకొని బిడ్డ మొగము నిమిరినచో, ఆ చిన్ని కన్నులు మండును. ఎత్తుకొనుటకు ముందు చారెడు నూనె, చిటికెడు సమయము ఆమెకు చాలును.